జపాను రోడ్డు కొసన ఆగిన బాణం

"ఇదిగో, వెళ్లొస్తా" అన్నాడు మా ఆయన.

"పో. ఆ జపాను రోడ్డు మీదకే పో" అన్నాను నేను.

మా ఇద్దరి మధ్యా ఆఖరి మాటలు అవే. అలాగే రాయి సరళా, ఏం దాచకు. నా చదువు సంతకం వరకే. చెప్పేది నేను, రాసేది మా తోడికోడలు సరళ.

దెయ్యాలూ ఆత్మలూ నేను ఏనాడూ నమ్మలేదు. చచ్చినోళ్లు తిరిగొచ్చేవాళ్లయితే మా అత్త ఎప్పుడో వచ్చి కూరలో ఉప్పెక్కువైందని అనేది. ఇప్పటికీ నమ్మానని చెప్పను. జరిగింది చెప్తాను, అంతే.

మేముండేది పరాయి దేశంలో, పాపకూర అనే ఊళ్లో. మరిది కంప్యూటరు ఉద్యోగం మీద ముందొచ్చి, వెనకాల మమ్మల్ని రప్పించాడు. మా ఆయన ఊళ్లో రోడ్డు రోలరు నడిపినవాడు. ఇక్కడ రోడ్డు పనుల దగ్గర ఆగు, వెళ్లు అని రాసిన పలక పట్టుకుని నిలబడేవాడు. వానైనా, గాలైనా. రోజంతా ఎవరెవరినో పంపించడం, తను మాత్రం ఉన్నచోటే ఉండడం.

ఇక్కడ సగం కార్లు జపానులో వాడేసి ఓడెక్కించినవే. మాదీ అంతే. తాళం తిప్పగానే ఒక ఆడగొంతు జపాను భాషలో ఏదో అంటుంది. మా వీధిలో ఉండే జపాను ఆవిడ ఒకసారి విని నవ్వింది. "మీరు కార్డు పెట్టలేదు అంటోంది" అని చెప్పింది. అక్కడ పెద్ద రోడ్డెక్కాలంటే టోలు కట్టే కార్డు కారులో పెట్టాలట. అప్పట్నించి మా ఆయన రోజూ దానికి జవాబు చెప్పేవాడు. "లేదమ్మా, కార్డు లేదు" అని. పెళ్లానికి చెప్పడు జవాబు.

ఆ కారులో దారి చూపించే బొమ్మ తెర ఒకటుంది. దాన్లో జపాను రోడ్లే. మేము పాపకూరంతా తిరిగినా, కారెక్కడుందో చూపించే బాణం దాని మీద కదలదు. సముద్రం పక్కన ఒక టోలు రోడ్డు ఉంది, అది తెగిపోయిన కొసనే ఆ బాణం నిలబడి ఉంటుంది. ఓడెక్కే ముందు ఈ కారు ఆఖరున తిరిగింది అక్కడే అని మా ఆయన నమ్మకం.

ఇక ఆ రోడ్డు పిచ్చి పట్టింది ఆయనకి. ఫోనులో వీడియోలు వెతికి చూసేవాడు. ముందు పట్నం నుంచి కొండ మొదలు దాకా వేశారట. తర్వాత ఒక్కో సొరంగం తవ్వుకుంటూ పోయారట. రానూ పోనూ ఒక్కో వరసే, మధ్యలో కర్రలు పాతినట్టు స్తంభాలు. ఒకచోట నది అడ్డొచ్చి రోడ్డు తెగిపోయింది. అక్కడ కిందికి దిగి, ఊళ్లోంచి పోయి, అవతల మళ్లీ ఎక్కాలి. మా కారు తెరలో ఉన్నది అక్కడి వరకే. అన్నం ముందు కూర్చున్నా ఇదే గోల.

ఆ వారం ఎడమ భుజం లాగుతోందన్నాడు. పలక పట్టుకునే చెయ్యి కదా అని బామ్ రాశాను. తగ్గలేదు. డాక్టరు దగ్గరికి పోదాం అన్నాను. రేపు, రేపు అన్నాడు. ఆ రోజు పొద్దున చెప్పులేసుకుని, పోదాం పద అని నిలబడితే, నా మొహం ముందు ఫోను పెట్టాడు. "చూశావా, నది మీద బ్రిడ్జి తెరిచారు. రోడ్డు కలిసిపోయింది" అని. ఆ నవ్వు చూసి నా ఒళ్లు మండిపోయింది.

మాలో గడప దాటే మనిషి వెళ్లొస్తా అంటాడు, ఇంట్లో ఉన్న మనిషి వెళ్లిరా అనాలి. ముప్ఫై ఏళ్లు ఎంత కొట్లాడుకున్నా ఆ మాట తప్పలేదు. ఆ ఒక్కరోజు పో అన్నాను.

టీ టైములో కారులో కూర్చున్నవాడు మళ్లీ దిగలేదు. గుండె. తెర వెలుగుతూనే ఉందని తోటి పనివాళ్లు చెప్పారు.

కారు నాలుగు నెలలు వాకిట్లోనే పడుంది. బ్యాటరీ చచ్చింది. "అమ్మేద్దాం వదినా, చూసినప్పుడల్లా ఏడుపే కదా" అన్నాడు మరిది. ఏడుపు కాదురా, కోపం అన్నాను. సరే, కొత్త బ్యాటరీ వేయించాడు. పదిగంటల వేళ, ఎండ కాస్తోంది. సరళ తాళం తిప్పింది, నేను పక్క సీట్లో ఉన్నాను.

ఆడగొంతు పలికింది. రోజూ అనే మాట కాదు. జపాను రాకపోయినా ఆ పాట నా చెవికి తెలుసు. ఇది వేరే, ఇంకా చిన్నది. తెరలో బాణం రోడ్డు కొస దాటి ఉంది. నది అవతల, గీత లేని పచ్చటి చోట.

సరళ ఆపి, మళ్లీ తిప్పి, ఫోనులో పట్టింది. అదే మాట. కార్డు పెట్టే సందు నేనే తెరిచి వేలు పెట్టి చూశాను. ఖాళీ.

జపాను ఆవిడకి వినిపించాం. "కార్డు అందింది అంటోంది" అంది.

మెకానిక్కు వచ్చేసరికి మామూలే. కార్డు లేదనే గొంతు, కొసన బాణం. బ్యాటరీ పోతే మెషీన్లకి మతి పోతుందన్నాడు అతను. మతి పోయినదానికి తెరలో లేని బ్రిడ్జి దాటడం ఎలా తెలిసింది? అడిగితే పనిముట్లు సర్దుకున్నాడు. నాకూ తెలీదు.

ఏమయ్యా, నేను పో అన్నందుకే పోయావా, లేక అంతకుముందే బయల్దేరావా? ఆ ఒక్కటి చెప్పకుండా దాటిపోయావు. కారు అమ్మను. రోజూ పొద్దున తాళం తిప్పుతాను. అది కార్డు లేదంటుంది. నేను తిడతాను.

ఇంక చాలు సరళా. ఏదీ, మొదట్నుంచి చదువు. నా మీద జాలిపడి వెళ్లిరా అని దిద్దలేదు కదా? చదువు, వింటాను.