అడ్‌మిక్చర్ అంటే ఏంది సారూ?

ఆ రోజుల్లో నాకు తెలివి తక్కువని ఎవరైనా అంటే ఒప్పుకునేవాణ్ణి కాదు. ఇప్పుడు ఎవరూ అనకపోయినా నేనే ఒప్పుకుంటున్నాను. శామీర్‌పేట దగ్గర ఒక పెద్దాయన కట్టుకుంటున్న ఇంటి స్లాబులో సగభాగాన్ని, ఒక ఇంగ్లీషు మాటకు అర్థం చెబుతూ చెబుతూ, రెండు రోజులు నిద్రపుచ్చిన ఘనత నాది. పాఠం వింటూ పిల్లలు నిద్రపోవడం లోకంలో ఉన్నదే. కాంక్రీటు నిద్రపోవడం మాత్రం నాతోనే మొదలై ఉంటుంది.

అప్పటికి నాకు ఇరవై రెండేళ్లు. సివిల్ డిప్లొమా చంకన పెట్టుకుని గోదావరి పక్క నుంచి వచ్చి, ఒక చిన్న కట్టడాల కంపెనీలో సైటు సూపర్‌వైజరుగా చేరి, మేడ్చల్‌లో ఒక గది తీసుకున్నాను. ఆ గదికి కిటికీ ఒకటే, ఆ కిటికీకి ఎదురుగా గోడ ఒకటే. మాట్లాడటానికి మనిషి లేక డిక్షనరీ కొనుక్కున్నాను. రోజుకొక ఇంగ్లీషు మాట, దాని అర్థాలు, వాడుక, అన్నీ నోటుబుక్కులో రాసుకుని గోడకు అప్పజెప్పేవాణ్ణి. (గోడ ఎప్పుడూ అడ్డు చెప్పలేదు. అడ్డంగా ఉండటమే దాని పని కదా.) రోజూ సాయంత్రం అమ్మ ఫోన్ చేసి "స్నేహితులయ్యార్రా?" అని అడిగేది. "బోల్డుమంది" అనేవాణ్ణి. ఒక ఆదివారం శామీర్‌పేట చెరువు కట్టకు వెళ్లి, కుటుంబాలతో వచ్చినవాళ్ల మధ్య అటూ ఇటూ తిరిగి, మొక్కజొన్న పొత్తులు కాల్చే ఆవిడ "ఎన్నియ్యాలె?" అంటే "ఒక్కటే" అన్నాను. తిరిగొచ్చి పడుకున్నాక గుర్తొచ్చింది, ఆ రోజంతా నా నోటి నుంచి వచ్చిన మాట అదొక్కటేనని.

సైటులో జనం లేక కాదు. ఇరవై మంది ఉండేవాళ్లు. కాని నేను వెళ్లేసరికి నవ్వు ఆపి "నమస్తే సార్" అనేవాళ్లు, నేను రెండడుగులు దాటగానే నవ్వు మళ్లీ మొదలయ్యేది. మధ్యాహ్నం అందరూ వరుసగా కూర్చుని డబ్బాలు విప్పి ఒకరి కూర ఒకరికి వేసుకుంటుంటే, నేను సిమెంటు బస్తాల చాటున మెస్సు పొట్లం విప్పుకునేవాణ్ణి. జవహర్‌నగర్ చెత్తగుట్టల వైపు నుంచి గాలి తిరిగిన రోజున మాత్రం అందరం ఒక్కసారే ముక్కు మూసుకునేవాళ్లం. మేమంతా కలిసి చేసిన పని అదొక్కటే.

ఆ ఇంటి మేస్త్రిని మట్టం మేస్త్రి అనేవాళ్లు. గోడకైనా మనిషికైనా మట్టం పెట్టి చూడందే వదిలేవాడు కాదు. నన్ను మొదటిరోజే కింది నుంచి పైదాకా చూసి, "సారు జర వంగిండు" అని తేల్చేశాడు. ఆయన భార్య కూడా మాతోనే పనిచేసేది. అందరూ అక్క అనేవాళ్లు. ఇంటి యజమాని బస్సు కండక్టరుగా చేసి రిటైరైన పెద్దాయన. పని నచ్చితే "రైట్ రైట్" అనేవాడు, నచ్చకపోతే "హోల్డాన్!" అని అరిచేవాడు. ఆ అరుపుకు రోడ్డు మీద పోయే ఆటోలు కూడా ఒకటి రెండుసార్లు ఆగాయి.

ఇక్కడ స్లాబు పడిందంటే దావత్ ఉండాలి. యజమాని యాటను కోయించాలి, పనివాళ్లందరినీ బంతిలో కూర్చోబెట్టి బగార అన్నం, మటన్ దగ్గరుండి పెట్టాలి. పెట్టకపోతే ఇల్లు నిలవదని కాదు, పరువు నిలవదు. మా పెద్దాయన ముందురోజే ఒక మేకపోతును తెచ్చి వెదురు బొంగుకు కట్టేశాడు. నల్లటిది, నుదుటి మీద తెల్లచుక్క. స్లాబు శనివారం, దావత్ ఆదివారం మధ్యాహ్నం. శుక్రవారం సాయంత్రం మట్టం మేస్త్రి పోతూ పోతూ వెనక్కి తిరిగి, "సారూ, దావత్‌ల మా పక్కనే కూసోవాలె. బస్తాల సాటుకు పోతే ఊకోను" అన్నాడు. నాకు అది ఉద్యోగం వచ్చిన కాగితం కన్నా పెద్ద మాట. ఆ సాయంత్రం అమ్మ అడగకముందే, "ఆదివారం భోజనానికి పిలిచారమ్మా" అన్నాను. అమ్మ "నిన్నా? నిజంగానా?" అని రెండుసార్లు అడిగింది. ఆ "బోల్డుమంది" అబద్ధమని ఆవిడకు అప్పుడు తెలిసిందో, అంతకుముందే తెలుసో, ఇప్పటికీ నేను అడగలేదు.

శనివారం పొద్దున్నే కాంక్రీటు కలిపే మిల్లర్ మొదలైంది. ఎండలు మండిపోతున్నాయి. అంత ఎండలో కాంక్రీటు పరిచేలోపే బిగుసుకుపోకుండా నీళ్లలో ఒక మందు కలుపుతారు. బెల్లంపాకం రంగులో ఉంటుంది, డబ్బా మీద పెద్దక్షరాలతో అడ్‌మిక్చర్ అని రాసి ఉంటుంది. నీళ్ల డ్రమ్ముకు ఒక మగ్గు చొప్పున పోయమని అక్కకు అప్పజెప్పింది నేనే. ఆవిడ గడియారంలా పోస్తోంది. సగం స్లాబు పడింది. పదకొండు గంటలకు చాయ్ తాగుతూ మట్టం మేస్త్రి డబ్బా వైపు గడ్డం చూపించి అడిగాడు: "అడ్‌మిక్చర్ అంటే ఏంది సారూ? రోజూ పోస్తనే ఉన్నం, ఏందో ఎర్కలేదు."

అయ్యలారా, అమ్మలారా! ఎనిమిది నెలలుగా గోడకు పాఠం చెబుతున్నవాణ్ణి ఒక మనిషి అర్థం అడిగాడు. అందులోనూ నా నోటుబుక్కులో రెండు పేజీలు ఆక్రమించిన మాటకు! చాయ్ కప్పు ఎక్కడ పెట్టానో తెలియదు.

"మిక్చర్ అంటే కలిసిపోయిన మొత్తం, మేస్త్రీ. సిమెంటు, ఇసుక, కంకర, నీళ్లు కలిస్తే మిక్చర్."

"వైన్సు కాడ అమ్ముతరు, గదీ మిక్చరేనా?"

"అదీ అంతే. బూందీ, పల్లీలు, కారప్పూస. కాని అడ్‌మిక్చర్ అంటే, అంతా సిద్ధమయ్యాక బయటి నుంచి వచ్చి కొంచెంగా కలిసేది. కొలతకు కొంచెమే, గుణం మొత్తం మారుస్తుంది. పుస్తకాల్లో అయితే మనసు గురించి కూడా రాస్తారు. పెళ్లిలో సంతోషంగా ఉన్నారనుకో, లోపల ఎక్కడో చిన్న దిగులుంది. ఆ దిగులును కూడా సంతోషంలో అడ్‌మిక్చర్ అంటారు."

"మా పెండ్లిల గది శాన ఉండె" అన్నాడు మేస్త్రి. అక్క డ్రమ్ము దగ్గర నుంచే "ఇంటికి రా, చెప్త" అంది. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. నేను ఉండగా ఆగని మొదటి నవ్వు అది.

"బయటికెళ్లి వస్తది, కొంచెమే ఉంటది" అని మేస్త్రి వేళ్లు ముడుస్తూ, "అంటే మీ లెక్క అన్నట్టు" అన్నాడు. వెటకారమో మెచ్చుకోలో నేను మట్టం పెట్టి చూసుకోలేదు. ఉప్పొంగిపోయాను. ఇంకొకడు వచ్చి అడిగాడు, వాడికీ చెప్పాను. మిల్లర్ నడిపేవాడు అడిగాడు, చప్పుడులో గొంతు చించుకుని చెప్పాను. చెప్పడమే కాదు, చేసి చూపించాను. ప్రతి డ్రమ్ము దగ్గరా "ఇదిగో, చూడండి, ఇంత కొంచెం" అంటూ ఒక మగ్గు పోశాను. అక్క తన మగ్గు తను పోస్తూనే ఉంది. సారు పోస్తున్నాడంటే ఏదో లెక్క ఉంటుందని ఆవిడ అనుకుంది. లెక్క చూసుకునే స్థితిలో సారు లేడు. సారును వింటున్నారు!

ఆదివారం పొద్దున పెద్దాయన కొబ్బరికాయతో పైకెక్కాడు. మెట్ల పక్కన సగం రాయిలా ఉంది. ఠీవిగా నడిచి వంటింటి పైకి వెళ్లి అడుగేశాడు. చెప్పు ముద్ర అంగుళం లోతు పడింది.

"హోల్డాన్!"

అందరం పరుగెత్తాం. పదకొండు గంటల చాయ్‌కి ముందు పోసిందంతా గట్టిపడింది, తరువాత పోసిందంతా హల్వాలా ఉంది. మధ్యన గీత గీసినట్టు హద్దు. ఆ హద్దు చూసి "గీడనే కదా మేస్త్రి అర్థమడిగింది" అన్నాడు మిల్లర్‌వాడు. మా పెద్ద ఇంజనీరుకు ఫోన్ చేశాను.

"మందు ఎన్ని మగ్గులు పోశావు?"

"గుర్తులేదు సార్. అర్థం చెబుతున్నాను."

"ఎవరికి?"

"మేస్త్రికి... అందరికీ, సార్."

అవతల ఆయన నుదురు కొట్టుకున్న చప్పుడు వినిపించింది. "ముట్టుకోకు. తడి గోనెలు కప్పు. రెండు రోజుల్లో బిగిస్తే బిగిసినట్టు, లేకపోతే అదంతా తవ్వి పోయాలి. నువ్వు మళ్లీ మీ ఊరి బస్సెక్కాలి."

పెద్దాయన ముఖం ఎర్రబడింది. "ఎవరి తప్పయ్యా ఇది?" అన్నాడు. నేను నోరు తెరిచేలోపు మట్టం మేస్త్రి, "అడిగింది నేను" అన్నాడు. పెద్దాయన మా ఇద్దరినీ మార్చి మార్చి చూసి, "గట్టిపడ్డంకనే దావత్. అప్పటిదాంక యాట గిట్లనే ఉంటది" అని దిగిపోయాడు. బగార వాసన ఊహించుకుంటూ వచ్చిన ఇరవై మంది, ఖాళీ కడుపులతో నన్ను చూస్తూ వెళ్లిపోయారు. అక్క ఒక్కతే ఆగి, మేక వైపు చూసి, "దానికి ఆయుష్షు పోసినవ్ సారూ" అంది.

ఆ రెండు పగళ్లు సైటులో మిగిలింది మేము ఇద్దరమే, నేనూ మేకపోతూ. గంటకోసారి పైకెక్కి గోనె తొలగించి బొటనవేలితో నొక్కి చూసేవాణ్ణి. వేలు దిగేది. కిందికొచ్చి మేక ఎదురుగా కూర్చునేవాణ్ణి. స్లాబు గట్టిపడాలని నేను, పడకూడదని అది. ఇంత పచ్చి శత్రువులు అంత దగ్గరగా కూర్చోవడం అరుదు. రావి కొమ్మ తెచ్చి వేశాను. అది తింటుంటే ఊరికే కూర్చోలేక అర్థం చెప్పాను. నా పాఠం ఆసాంతం విన్న మొదటి శ్రోత అదే. మధ్యలో ఒక్కసారే "మే" అంది, అదీ సరైన చోటే. అమ్మ ఫోన్ చేసి "భోజనం బాగా పెట్టార్రా?" అంటే "చాలా బాగా పెట్టారమ్మా, ఇద్దరం తిన్నాం" అన్నాను.

మంగళవారం పొద్దున బొటనవేలు దిగలేదు. మళ్లీ నొక్కాను. మడమతో తొక్కాను. మేస్త్రి వచ్చి సుత్తితో కొట్టి చూశాడు, ఖంగుమంది. "రైట్ రైట్!" అన్నాడు పెద్దాయన. నా ఉద్యోగం నిలిచింది. నేను మాత్రం కిందికి దిగి వెదురు బొంగు వైపు చూడలేకపోయాను.

మధ్యాహ్నం బంతిలో మేస్త్రి తన పక్కన చోటుంచాడు. విస్తరిలో మటన్ పడింది. ఎనిమిది నెలలు ఎదురుచూసిన చోటు అది. అక్కడ కూర్చుని, ముద్ద ఎత్తలేక, బగార అన్నం ఒక్కటే మెతుకులు ఏరుకున్నాను. "ఆంధ్రా సారుకు మన కూర నోటికి పోతలేదు" అన్నారెవరో. మేస్త్రి నా విస్తరి చూసి, ఖాళీ బొంగు చూసి, నా మటన్ తన విస్తరిలోకి తీసుకుని, అక్కను పిలిచి నాకు పెరుగు వేయించాడు.

అంత మంచివాడు అక్కడితో ఊరుకోవచ్చు కదా. ఊరుకోలేదు. నిద్రమందు సార్ అని నాకు పేరు పెట్టాడు. ఆ పేరు అత్వెల్లి నుంచి పేట్ బషీరాబాద్ దాకా నాకన్నా ముందే సైటు చేరేది. కొత్త సైటులో గేటు దాటగానే ఎవడో ఒకడు పళ్లన్నీ బయటపెట్టి, "అడ్‌మిక్చర్ అంటే ఏంది సారూ?" అని అడిగేవాడు. ఆరేళ్లు అడిగారు. ఆరేళ్లూ నేను నోరు మెదపలేదు.

ఆ తరువాత అత్వెల్లిలో మట్టం మేస్త్రి సొంత ఇల్లు మొదలుపెట్టాడు. ఫోన్ చేసి, "సారూ, మా స్లాబు. నువ్వు రాకుంటె పొయ్య. గాని వచ్చి ఏం చెప్పద్దు" అన్నాడు. వెళ్లాను. డ్రమ్ముకొక మగ్గు, లెక్కపెట్టి, మౌనంగా నేనే పోశాను. మర్నాటికి స్లాబు రాయి. దావత్‌లో మేస్త్రి కొత్త కండువా వేసుకుని గరిటె పట్టుకుని నిలబడ్డాడు. బంతిలో చివరి మనిషి లేచేదాకా ఇంటాయన ముద్ద ముట్టకూడదు, కూర్చోకూడదు. నాకు అటు పక్క మిల్లర్‌వాడు, ఇటు పక్క రిటైరైన కండక్టరు పెద్దాయన. (ఈసారి యాటను ముందుగా పరిచయం చేసుకోలేదు కనుక కూర బాగానే దిగింది.) అందరి విస్తర్లూ ఖాళీ అవుతుండగా మేస్త్రి గరిటె ఊపుతూ, బంతంతా వినేలా, "ఇప్పుడు చెప్పు సారూ, అడ్‌మిక్చర్ అంటే ఏంది?" అన్నాడు.

నా విస్తరిలో ఇంకా పిడికెడు బగార ఉంది. నేను తీరిగ్గా మఠం వేసుకుని మొదలుపెట్టాను. లాటిన్ మూలం దగ్గర నుంచి. ఒక్కో వాక్యానికి ఒక్కో మెతుకు. మొదట అందరూ నవ్వారు, తరువాత ఒక్కొక్కరే చేయి కడుక్కోవడానికి లేచారు. మేస్త్రి మటన్ గిన్నె వైపు చూశాడు, నా విస్తరి వైపు చూశాడు, ఒక కాలి మీంచి ఇంకో కాలి మీదికి మారాడు. మాట అర్థాలయ్యాయి. వాడుక మొదలైంది. ఆ గోడ ముందు కూర్చుని రాసుకున్న రెండు పేజీలూ నాకు ఇంకా నోటికి వచ్చునని నాకే అప్పుడు తెలిసింది. గోడకు అప్పజెప్పిన ఆ కుర్రవాడు ఎక్కడుండి వింటున్నాడో గాని, ఎంత మురిసిపోయాడో!

అక్క వచ్చి నడుం మీద చేయి పెట్టుకుని నిలబడింది. "ఇగ లేవు సారూ! నిలవడి నిలవడి మా ఆయన గట్టిపడ్డడు."

"ఇంకొక్క అర్థమే అక్కా" అన్నాను, విస్తరిలో ఇంకో మెతుకు వెతుక్కుంటూ.