అత్తగారి దొరువూ నా ఉదయగిరి తెలివీ

మోటారు పెట్టి సముద్రాన్ని అత్తగారి తోటలోకి తెచ్చిన అల్లుడెవరైనా ఉన్నాడా అని మీరడిగితే, చెయ్యెత్తాల్సినవాణ్ణి నేనే. నవ్వండి, ఫరవాలేదు. ఆరేళ్లయింది కాబట్టి ఇప్పుడు నేనూ నవ్వుతున్నాను. అప్పుడు మాత్రం ఆ చుట్టుపక్కల నవ్వినవాడు ఒక్కడే ఒక్కడు. వాడెవడో చెప్తాను, తొందరపడకండి.

నాది ఉదయగిరి వైపు మెట్ట. మా దగ్గర బోరు దించితే పాతాళంలో నిద్రపోయేవాళ్లు లేచి తిట్టాలి, అంత లోతు. మా నాయన మూడు బోర్లు వేయించాడు. మొదటిది ఎండితే రెండోది ఇంకా లోతుకు, అదీ ఎండితే మూడోది దానికన్నా లోతుకు. మూడోది దుమ్ము కక్కింది. నిమ్మచెట్లు నిలువునా ఎండిపోయాక నేనూ, నా భార్య సుజాతా బట్టలు మూట కట్టుకుని, ఇందుకూరుపేట మండలంలో సముద్రం హోరు వినబడేంత దగ్గరున్న ఆమె పుట్టింటికి చేరాం. అంటే లోతుకు తవ్వి తవ్వి నాశనమైన ఊరినుంచి వచ్చానన్నమాట. అలాంటివాడు వచ్చినచోట నోరు మూసుకుని కూర్చోవాలి కదా? కూర్చోలేదు.

మా అత్త రమణమ్మకు ఎకరం ఇసక నేల. అందులో మిరప, వంగ, ఒక పక్కన కనకాంబరాలు. వీటన్నిటికీ కలిపి నీళ్లిచ్చేది ఒక గుంట. దాన్ని అక్కడ దొరువు అంటారు. బిందెలతో దిగడానికి వీలుగా ఇసకలో ఏటవాలుగా తవ్వుకున్న గొయ్యి, అంతే. అడుగున మోకాలి లోతు నీళ్లు. పొద్దున్నే అత్త రెండు చేతుల్లో రెండు బిందెలతో దిగి, ఎక్కి, ఒక్కో మొక్క మొదట్లో చంటిపిల్లకు పాలు పట్టినట్టు పోసేది. నీళ్లు చీలమండ దాకా దిగాయా, ఆపేసేది. సగం మొక్కలు మిగిలిపోయినా సరే, ఆపేసేది. మర్నాటికి ఊట మళ్లీ ఊరేది.

నాకు ఒళ్లు మండిపోయింది.

"ఏందత్తా ఇది? మా ఊళ్లో కుక్క పడుకోడానికి కూడా ఇంతకన్నా లోతు గీరుకుంటది. కింద బోలెడు నీళ్లు పెట్టుకుని చెంబుతో పోస్తుండావు!"

"కింద ఉండేది నీళ్లు గాదబ్బయ్యా, ఉప్పు" అంది అత్త, బిందె దించకుండానే. "మంచినీళ్లు వానకి పడి ఇసకలో పైపైన నిలబడుంటాయి. పాల మీద మీగడనుకో. మెల్లిగా తీసుకుంటే మీగడ. గెలికితే ఏమీ ఉండదు."

నేను సుజాత వైపు చూసి కన్ను గీటాను. పాపం పెద్దావిడ, లోకం తెలియదు అన్నట్టు. సుజాత నవ్వలేదు. ఆ పిల్లకు మొదటినుంచీ నాకన్నా తెలివి ఎక్కువ.

ఆ ఏడు కార్తీకంలో పడాల్సిన వానలు సరిగ్గా పడలేదు. మాఘం వచ్చేసరికే దొరువులో మోకాలి లోతు పిక్కల్లోకి దిగింది. అత్త బిందెలు సగానికి తగ్గించింది. మిరప కాపు మీదుంది. సరిగ్గా అప్పుడే చిల్లకూరులో ఉన్న అత్త చిన్న కూతురికి నొప్పులొస్తున్నాయని ఫోనొచ్చింది. అత్త సంచి సర్దుకుని, వాకిట్లో నా ముందు నిలబడింది.

"అబ్బయ్యా, పది దినాల్లో వస్తా. మొక్కలు వాడితే వాడనీ. చచ్చేవి చావనీ. దొరువును మాత్రం కదిలించబాక."

"నువ్వు నిమ్మళంగా పోయిరా అత్తా. వచ్చేసరికి తోట చూసి నువ్వే గుర్తుపట్టవు" అన్నాను.

ఈ ఒక్క మాట మాత్రం నిలబెట్టుకున్నాను.

ఆటో మలుపు తిరగ్గానే మస్తానయ్యకు ఫోన్ చేశాను. అతను ఆ చుట్టుపక్కల చేతి బోర్లు దించుతాడు. మనుషులతో, గొట్టాలతో వచ్చి, దొరువు పక్కన ఇసక చూసి తల గోక్కున్నాడు.

"పద్నాలుగు అడుగులు చాలన్నా. ఇంక కిందికి పోతే బాగుండదు."

"పద్నాలుగా? నేను ఉదయగిరోణ్ణి అన్నా. నలభై దించు."

"రమణమ్మక్కకి చెప్పినావా?"

"ఆమె కోసమే గదా చేస్తుండేది!"

"నలభై దించమంటే దించుతా. నాదేం పోయింది. తాగేది మీరు" అన్నాడు మస్తానయ్య.

సాయంత్రానికి గొట్టం దిగింది, మోటారు కూర్చుంది. బటన్ నొక్కితే చూడాలి, ఏనుగు తొండంతో చిమ్మినట్టు నీళ్లు! నేను లుంగీ ఎగ్గట్టి ఆ నీళ్లలో గంతులేశాను. మడులన్నీ నింపాను. అది చాలక, దొరువు కూడా నిండుగా ఉంటే అత్త మురిసిపోతుందని గొట్టం అందులోకి తిప్పాను. అవును, అదీ చేశాను. చేసే పాపం సగంలో ఆపే అలవాటు నాకు లేదు.

మర్నాడు సుజాత దోసిట్లో పట్టి తాగి మొహం అదోలా పెట్టింది.

"ఏందయ్యా, నీళ్లు ఏదో మాదిరిగా ఉండాయి?"

"కొత్త బోరు. గొట్టం వాసన. రెండు రోజులు పోతే కొబ్బరి నీళ్లే."

రెండు రోజులు పోయాయి. కొబ్బరి నీళ్లు రాలేదు. అన్నం వార్చిన సుజాత ఉప్పు వెయ్యలేదని ఒట్టేసి చెప్పింది, అన్నం మాత్రం ఉప్పగానే ఉంది. తోటలోకి వెళ్తే మిరపాకుల అంచులు అగ్గిపుల్లతో కాల్చినట్టు ఎర్రగా మాడి ఉన్నాయి. కనకాంబరాలు తలలు వాల్చేశాయి.

బుర్ర ఉన్నవాడు ఇక్కడ మోటారు ఆపుతాడు. నాకు ఇంకో ఆలోచన వచ్చింది. కింద ఏదో కొంచెం ఉప్పు చేరి ఉంటుంది, అదంతా తోడి పారేస్తే వెనకాల తియ్యటి నీళ్లొస్తాయి! పాయింటు అర్థమైందా? అవతల బంగాళాఖాతం ఉంది. ఇవతల నేనున్నాను, నా మోటారుంది. ఎవరు ముందు అలిసిపోతారో చూద్దామని కూర్చున్నాను. పొద్దుటినుంచి పొద్దుగుంకేదాకా తోడి, ఆ నీళ్లన్నీ దక్షిణం మూల పల్లానికి వదిలాను.

మర్నాడు మళ్లీ మోటారు వేశానో లేదో, పక్క తోట అంకమ్మ వచ్చింది. అరవలేదు, తిట్టలేదు. చెంబు నా చేతిలో పెట్టింది.

"తాగు."

తాగాను. గొంతు దిగలేదు.

"ఇది మీ బోరు నీళ్లా అక్కా?"

"మాకు బోరు యాడిది? మా దొరువు నీళ్లు" అంది అంకమ్మ. "నిన్నటిదాకా నా మనవరాలికి ఈ నీళ్లే పట్టినా."

అప్పుడు ఆపాను మోటారు. గట్టు మీద కూలబడ్డాను. మా నాయన మూడో బోరు దగ్గర ఇలాగే కూలబడటం చూశాను. ఆయన తన నేలే పోగొట్టుకున్నాడు. నేను పరాయి ఆడవాళ్ల నీళ్లు కూడా పోగొట్టాను.

సరిగ్గా ఆ సమయానికి వచ్చాడండీ, నేను మొదట్లో చెప్పిన ఆ నవ్వుమొహం మనిషి. రొయ్యల గుంటల ఆసామి. మోటారు సైకిల్ ఆపి, గొట్టం కింద నిలిచిన నీళ్లు వేలితో నాలిక మీద పెట్టుకుని, జున్ను తిన్నవాడిలా కళ్లు మూశాడు.

"అన్నా, ఏం నీళ్లన్నా ఇవి! మా రొయ్యలకు సరిగ్గా సరిపోతాయి. గుంట తవ్వేద్దామా?"

నా జీవితంలో నా పనిని మెచ్చుకున్నవాడు ఆయనొక్కడే. ఆయన్ని తోట బయటిదాకా తరిమాను.

పదో రోజున అత్త దిగింది. మనవడు పుట్టాడన్న సంతోషంతో వచ్చింది, చేతిలో మిఠాయి పొట్లం కూడా ఉంది. ఎవరూ ఏమీ చెప్పలేదు. ఆమే దొరువులోకి దిగి, దోసిట్లో పట్టి, నోట్లో పోసుకుని, ఉమ్మేసింది. తర్వాత మిరప సాళ్లలోకి వెళ్లి ఒక్కో మొక్కా పీకడం మొదలుపెట్టింది. వెనకాలే నేను, నా వెనకాల సుజాత.

"ఈ దొరువు ఎండింది, పూడింది, తుపానుకు మునిగింది" అంది అత్త, పీకిన మొక్కలు గట్టున వేస్తూ. "నా పెళ్లయినకాణ్ణించి చూస్తుండా. ఉప్పు తిరగడం మాత్రం ఇదే."

"ఇప్పుడేం చెయ్యాలత్తా? చెప్పు, ఏదైనా చేస్తా."

"ఏం చెయ్యబాక. అదొక్కటే నీకు చేతగాని పని."

గొట్టం పీకించాం. ఆ బొక్కలో బంకమట్టి కూరాం. మిగిలింది వాన కోసం ఎదురుచూడటం. ఆ వేసవంతా అర మైలు అవతల దొరువునుంచి మా ఇంటికీ, అంకమ్మ ఇంటికీ తాగే నీళ్లు నేనే మోశాను. దారిలో ఎదురైన ప్రతివాడూ "ఏందబ్బా, బోరు బాగుందా?" అని అడిగేవాడు. సుజాత వేరేవాళ్ల వరి మళ్లలో కలుపు తీయడానికి వెళ్లేది. ఇంటికొచ్చి ముఖం కడుక్కుని, నాతో మాట్లాడకుండానే అన్నం పెట్టేది. తిట్టినా బాగుండేది.

కార్తీకం వచ్చింది, వానలూ వచ్చాయి. పరుగెత్తి వెళ్లి రుచి చూశాను. ఉప్పే. అంకమ్మ దొరువు ఆ ఏడే తేరుకుంది. మాది ఇంకో ఏడు పట్టింది. రెండో ఏటి వానలకు ఒక ఉదయం అత్త దొరువులో దిగి, తాగి, ఇంకోసారి తాగి, బిందె ముంచింది. నేను గట్టున కూర్చుని ఏడ్చాను. చెమట అని చెప్పాను, ఎవరూ నమ్మలేదు.

నేను ఉప్పునీళ్లు వదిలిన దక్షిణం మూలలో మాత్రం ఇవాళ్టికీ గడ్డి పరక లేదు. ఎండాకాలం తెల్లగా మెరుస్తుంటుంది. జనం దానికి పేరు కూడా పెట్టేశారు. మొన్న ఎవరో కొత్తవాళ్లు దారి అడిగితే, అంకమ్మ నా ముందే చెప్పింది: "నేరుగా పోండి. పెంచలయ్య చవిటి నేల వస్తది. అది దాటినాక కుడి పక్కకి తిరగండి."

"పెంచలయ్య అంటే పాతకాలం మనిషా అమ్మా?" అని అడిగారు వాళ్లు.

"లే, బతికే ఉండాడు" అంది అంకమ్మ నన్ను చూపించి. "ఏం చేస్తాం."

కావున సమస్త బంధుమిత్రులకూ తెలియజేయునదేమనగా: పెంచలయ్య అనబడే నేను, ఇకమీదట ఈ మండలంలో చెప్పు దిగబడేంతకు మించి నేలను తవ్వను. తవ్వక తప్పని పక్షంలో ముందుగా మా అత్తను అడుగుతాను. ఆమె వద్దంటే మానేస్తాను. ఆమె సరేనంటే, ఇంకోసారి అడుగుతాను.