పాప ముక్కు మీది పసుపు

నేను నర్సుగా పనిచేసేది ముసలివాళ్లుండే నర్సింగ్ హోమ్‌లో; అక్కడ వాళ్ల చేత పాటలు పాడించడానికీ, బొమ్మలు వేయించడానికీ ఒక ఐరిష్ అమ్మాయి ఉంది. పోయిన నెల ఆ అమ్మాయి ఒక రంగుల పెట్టె తెచ్చి నా చేతిలో పెట్టింది. హాలోవీన్ వస్తోంది కదా, మన ముసలమ్మలందరి మొహాల మీదా ఏదో ఒకటి వేద్దాం, నువ్వు బాగా వేస్తావని చెప్పుకుంటున్నారు అంది. పెట్టె తెరిచాను. నలుపు, తెలుపు, ఎరుపు, ఆకుపచ్చ, చివర పసుపు. నా వేలు ఆ పసుపు దగ్గర ఆగిపోయింది. నాకు చేతకాదని చెప్పి పెట్టె మూసి ఇచ్చేశాను. అది అబద్ధం. మా ఊరి చర్చిలో క్రిస్మస్ నాటకం వేస్తే గొర్రెల కాపరుల గడ్డాలన్నీ నేనే అంటించేదాన్ని, దూదీ మైదా జిగురూ పెట్టి. ఒక ఏడాది జిగురు మరీ గట్టిగా కుదిరి, ముగ్గురు జ్ఞానుల్లో ఒకాయన గడ్డం రెండు రోజులు ఊడలేదు. ఆయన హైస్కూల్లో లెక్కల మేష్టారు. పాపం ఆ గడ్డంతోనే వెళ్లి పిల్లలకి వర్గమూలాలు చెప్పాడు. నాకు చేతకాకపోవడం కాదు, కోపం వచ్చింది. ఐదేళ్ల కిందటి కోపం. ఇంకా పచ్చిగానే ఉందని ఆ పెట్టె తెరిచాకే తెలిసింది.

అప్పట్లో నేను ఐర్లండ్‌లోనే ములింగార్ అనే ఊళ్లో ఒక తెలుగు వాళ్లింట్లో అద్దెకుండేదాన్ని. రాజమండ్రి వైపు దంపతులు. ఆయన సాఫ్ట్‌వేరు, రోజూ రైల్లో డబ్లిన్ వెళ్లొచ్చేవాడు. ఆవిడ నాకంటే పన్నెండేళ్లు చిన్నది, నన్ను నోరారా అక్కా అని పిలిచేది. నేనుండేది మేడ మీద చిన్న గది. మంచం వేస్తే మనిషి పక్కకి తిరిగి నడవాలి. అయినా నాకు ఆ ఇల్లు ఇష్టంగా ఉండేదంటే వాళ్ల పాప వల్లే. నేను డ్యూటీ నుంచి రాగానే మెట్ల మీద కూర్చుని ఉండేది. తెలుగు అంతా అర్థమవుతుంది, జవాబు మాత్రం ఇంగ్లిషులో, అదీ అచ్చం ఈ ఊరివాళ్ల వెస్ట్‌మీత్ యాసలో. ఇక్కడ ఆ పిల్ల మాటల్ని నేను తెలుగులో రాస్తున్నాను గానీ, తెలుగులో అది నాతో పట్టుమని పది మాటలు మాట్లాడి ఉండదు. కొవిడ్ ముందు ఏడాది హాలోవీన్‌కి నేనే దానికి పిల్లి వేషం వేశాను. కాటుకతో మీసాలు, ముక్కు మీద నల్లచుక్క, బుగ్గలకి నా పాండ్స్ పౌడరు. ఆ పిల్లి ఎస్టేట్‌లో, అదే మా కాలనీలో, ఇల్లిల్లూ తిరిగి బకెట్ నిండా చాక్లెట్లూ, వేరుశెనక్కాయలూ తెచ్చింది. దయ్యాల పండక్కి వేరుశెనక్కాయలు పంచే దేశం ఇదొక్కటే కాబోలు. కాయలన్నీ నాకిచ్చేసి చాక్లెట్లు తను ఉంచుకుంది.

తర్వాత మార్చి వచ్చింది. మా నర్సింగ్ హోమ్‌లో ఒక్కో గదీ ఖాళీ అవుతూ వచ్చింది. ఆ రోజుల గురించి ఎక్కువ రాయలేను. ఒకావిడ కూతురు కిటికీ అవతల వానలో నిలబడి ఫోన్లో మాట్లాడుతుంటే, ఆ మాటలన్నీ తల్లి చెవిలో నేను చెప్పాను. నా యాస తల్లికి అర్థమైందో లేదో తెలీదు. ఏప్రిల్లో ఒక రోజు పన్నెండు గంటల డ్యూటీ అయ్యాక మాస్కు తీస్తే ముక్కు దూలం మీద చర్మం లేచిపోయి ఉంది. బుగ్గల మీద రెండు గాట్లు, నుదుటి మీద కళ్లజోడు అంచు. అలాంటి మొహంతో ఇంటికొస్తే, గేటు దగ్గర నా సూట్‌కేసు ఉంది. నా బట్టలన్నీ ఆవిడే మడతపెట్టి సర్దింది. వంటింటి గ్లవ్స్ ఇంకా చేతులకే ఉన్నాయి. సూట్‌కేసు మీద ఒక డబ్బా, డబ్బాలో పులిహోర.

“ఏవనుకోకండక్కా. చంటిపిల్ల ఉన్న ఇల్లు కదండీ. ఆయనకి షుగరు కూడానూ. మీరే అర్థం చేసుకోవాలండి” అంది. ఎనిమిదేళ్ల చంటిపిల్ల! భయం నాకు అర్థమైంది, కాదనను. నాకూ భయంగానే ఉండేది. రెండు రోజులు టైమివ్వమ్మా, ఎక్కడైనా చూసుకుంటానని అడిగి ఉండేదాన్ని, అడగనిస్తే. అడగనివ్వలేదు. మర్యాదకి మాత్రం ఎక్కడా లోటు రానివ్వలేదు. ప్రతి మాటకీ అండీ అంటూ, ఇంత పులిహోర చేతిలో పెట్టి, నన్ను రోడ్డు మీదకి పంపింది. పాపకి చెప్పి వెళ్తానన్నాను. ఆన్‌లైన్ క్లాసులో ఉందక్కా, ఇప్పుడు పిలిస్తే ఏడుస్తుంది, తీరిగ్గా వీడియో కాల్ చేద్దాం లెండి అంది. నేను గేటు దాటాక వెనక్కి తిరిగి చూస్తే, నా చెయ్యి తగిలిన గొళ్లాన్ని శానిటైజర్ కొట్టి తుడుస్తోంది. ఆ వీడియో కాల్ ఎప్పుడూ రాలేదు.

నాతో పనిచేసే మలయాళీ నర్సు తన సోఫా ఇచ్చింది. ఆమెకీ ఇద్దరు పిల్లలున్నారు, వాళ్లూ చంటివాళ్లే మరి. ఆరు వారాలు ఆ సోఫా మీదే పడుకున్నాను. అప్పుడే తెలుగు వాళ్ల వాట్సాప్ గ్రూపులో ఒక వీడియో వచ్చింది. నర్సుల కోసం సాయంత్రం గుమ్మాల్లో నిలబడి చప్పట్లు కొట్టారు కదా, ఆ వీడియో. ఆ దంపతులిద్దరూ గుమ్మంలో నిలబడి నవ్వుతూ చప్పట్లు కొడుతున్నారు. పాప చేతిలో ఇంద్రధనుస్సు బొమ్మ, దాని కింద నర్సులకి థాంక్యూ అని రాసి ఉంది. ఫోను గోడకేసి కొట్టాలనిపించింది. గోడ ఆ మలయాళీ అమ్మాయిదని ఊరుకున్నాను.

ఆరు నెలలు ఉలుకూ పలుకూ లేదు. అక్టోబరులో మళ్లీ లాక్‌డౌన్ పెట్టిన వారం ఫోనొచ్చింది. “అక్కా, బావున్నారాండి? మీకు బొత్తిగా మా మీద దయ లేకుండా పోయిందండి” అని మొదలుపెట్టింది. విషయం ఏమిటంటే, పిల్లలకి ఈసారి ఇల్లిల్లూ తిరిగే యోగం లేదు కాబట్టి వాట్సాప్ గ్రూపు వాళ్లు ఆన్‌లైన్‌లో హాలోవీన్ వేషాల పోటీ పెట్టారు. ఈసారి దయ్యాలు కాదు, మన హీరోలు. సూపర్‌మార్కెట్లో మొహానికి వేసే రంగులున్న వరసకి టేపు కట్టేశారు, అవి అత్యవసర వస్తువులు కావని. కాబట్టి ఇంట్లో ఉన్నవాటితోనే వెయ్యాలి. “పాప నర్సు వేషం వేస్తానంటోందండి. ఆ మాస్కు గుర్తులుంటాయి చూడండీ, అవి అచ్చం మీకు పడ్డట్టే పడాలండి. మీకంటే ఎవరికి తెలుస్తుందండి?”

నా మొహం మీద ఆ గుర్తులు ఆవిడ చూసింది ఒక్కసారే. గేటు దగ్గర.

ఫోను పెట్టేసి ఉండాల్సింది. పెట్టలేదు. పాపని చూడాలని ఉంది, అంతే. దానికి చెప్పకుండా వచ్చేశానన్నది ఆరు నెలలుగా ముల్లులా గుచ్చుతోంది. సరేనన్నాను. ఇంట్లో అడుగు పెట్టను, మీ ఎస్టేట్ మధ్య గడ్డిలో బెంచీ ఉంది కదా, అక్కడికి తీసుకురా అన్నాను. మాకు వారం వారం ముక్కులో పుల్ల పెట్టి పరీక్ష చేసేవారు, ఆ వారం నాకేమీ లేదని వచ్చింది. ఆ సంగతి ఆవిడ రెండుసార్లు అడిగి తెలుసుకుంది.

పోటీ రోజు వెళ్లాను. పాప పొడుగెదిగింది. ముందు పన్ను ఒకటి ఊడింది. వాళ్ల నాన్న నీలం చొక్కా కత్తిరించి కుట్టిన నర్సు గౌను వేసుకుని పరుగెత్తుకొచ్చి, రెండు మీటర్ల దూరంలో తనంతట తనే ఆగిపోయింది. నేను మాస్కూ గ్లవ్సూ వేసుకుని దగ్గరికి రమ్మన్నాను. వాళ్లమ్మ స్టీలు పళ్లెంలో సామాను తెచ్చి బెంచీ మీద పెట్టి దూరంగా జరిగింది. కాటుక, వాజలీన్, ఆవిడ ఐషాడో, కుంకుమ. నేను అడిగింది కుంకుమే గానీ, జంట భరిణె కాబట్టి దాంతోపాటు పసుపూ వచ్చింది. ఏప్రిల్లో నా చెయ్యి తగిలిన గొళ్లాన్ని తుడిచిన మనిషి అక్టోబరులో కూతురి మొహాన్ని నా చేతికి అప్పగించింది. పోటీ అంటే అంత పట్టుదల మరి.

పని కష్టమేమీ కాదు. ముందు మొహమంతా వాజలీన్ పల్చగా రాయాలి, లేకపోతే మన రంగులు చర్మాన్ని వదలవు. కుంకుమలో వాజలీన్ రంగరించి ముక్కు దూలం మీద అద్దాను. ఐషాడోలో ఉన్న ఊదారంగు పక్కన కలిపాను. కాటుక వేలి కొసకి తీసుకుని బుగ్గల మీద సన్నటి గాట్లు గీశాను. గాలి చంపేస్తోంది. పాప కళ్లు మూసుకుని కదలకుండా కూర్చుంది. అప్పుడు, కళ్లు తెరవకుండానే అడిగింది. నువ్వు నాకు బై చెప్పకుండా ఎందుకు వెళ్లిపోయావు? నీకు నీ ఫ్రెండ్స్‌తో ఉండటమే ఇష్టమని అమ్మ చెప్పింది, నిజమా?

తలెత్తి చూశాను. ఆవిడకి వినిపించింది. వెంటనే ఫోను తీసి అందులో ఏదో చూసుకోవడం మొదలుపెట్టింది. నన్ను వెళ్లగొట్టింది, అది భయం అనుకుందాం. కానీ ఆ పిల్లని నేనే వదిలేసి పోయానని చెప్పిందే, దాన్ని ఏమనాలి? చెవుల్లోంచి ఆవిర్లు వచ్చాయంటే నమ్మండి. అక్కడే, ఆ గడ్డిలోనే, కడిగెయ్యాలి. నోరు తెరిస్తే పాప ముందు ఏం మాట్లాడతానో నాకే తెలీదు. ముక్కు కదపకు తల్లీ అన్నాను, అంతే. నా వేలు పోయి పసుపు భరిణెలో పడింది.

నర్సుని, నాకు తెలియదా? దెబ్బ పాతబడి మానేటప్పుడు దాని అంచు పసుప్పచ్చగా అవుతుంది. మాస్కు గుర్తుకి ఆ అంచు ఉండదు, అది అప్పుడే తీసిన గుర్తు. అక్కడ పసుపు పనే లేదు. అయినా ముక్కు పక్కన వాజలీన్‌ని టిష్యూతో తుడిచేసి, పసుపు రెండు చుక్కల నీళ్లలో తడిపి, చర్మంలోకి ఇంకేదాకా అద్దాను. బుగ్గల మీద కూడా. భలే వచ్చిందండీ అంది ఆవిడ దూరం నుంచి. ఎలా పోతుందక్కా అని అడిగింది. సబ్బు పెట్టి బాగా రుద్దమ్మా అన్నాను.

పసుపు మరక మీద సబ్బు పడితే ఎర్రబడుతుందని ఆవిడకి తెలియక కాదు. బట్టల మీదైతే ఎన్నిసార్లు చూసి ఉంటుందో. నర్సు చెప్పింది కదా అని నమ్మింది. పోటీలో పాపకి రెండో బహుమతి వచ్చింది. మొదటిది ఒంటినిండా టాయ్‌లెట్ పేపర్ చుట్టుకుని షాపు కార్మికుడినన్న పిల్లాడికి. జనం ఎగబడి కొని దాచుకున్న ఆ ఏడాది టాయ్‌లెట్ పేపర్‌కి అంత మర్యాద. ఆ సాయంత్రమే ఫోను. “ఏం పూశారక్కా? సబ్బు పెడితే ఎర్రగా అయిపోతోంది. మూడుసార్లు రుద్దాను, చర్మం కందిపోయింది, పాప ఏడుస్తోంది. పిల్ల మొహం కదండీ!”

“నాదీ మొహమే కదమ్మా” అన్నాను.

ఆ మాట అనేసరికి నాకు ఆరు నెలల తర్వాత మొదటిసారి హాయిగా అనిపించింది. సిగ్గుపడుతూనే రాస్తున్నాను, హాయిగా అనిపించింది. ఆ తర్వాత వెనక నుంచి పాప వెక్కిళ్లు వినిపించాయి. ఆ హాయి అంతా దిగిపోయింది. కొబ్బరినూనె రాసి పావుగంట ఉంచు, శనగపిండితో మెల్లగా తుడువు, రుద్దకు అని గబగబా చెప్పాను. ఫోను పాప తీసుకుంది. ఆంటీ, నువ్వు కావాలనే చేశావని అమ్మ అంటోంది, నిజమా?

బెంచీ దగ్గర అడిగినట్టే, అదే గొంతుతో అడిగింది. లేదమ్మా, పసుపుకి సబ్బు పడదని మర్చిపోయాను అన్నాను.

నాకు తెలుసు, అమ్మకి అదే చెప్పాను అంది.

సోమవారం పాప పసుపు ముక్కుతోనే బడికి వెళ్లింది. టీచరు అడిగితే ఇది మా ఆంటీ మొహం అని చెప్పిందట. పాప ఇప్పుడు వాళ్లమ్మంత ఎత్తుంది. తన మొహానికి రంగులు తనే వేసుకుంటుంది, నాకంటే బాగా వేస్తుంది, ఏటా హాలోవీన్‌కి నాకు ఫొటో పంపుతుంది. ఈసారి ఫొటో కింద, పసుపు వాడలేదులే ఆంటీ అని రాసి నవ్వు బొమ్మ పెట్టింది. జవాబు రాయడానికి మూడు రోజులుగా ఫోను తీస్తున్నాను, పెడుతున్నాను. నిజం విని తట్టుకునే వయసొచ్చింది. కానీ వాళ్లమ్మ ఆడిన అబద్ధం బయటపెట్టాలంటే నేనాడిందీ బయటపెట్టాలి. ఆ పిల్ల మా ఇద్దరినీ నమ్మింది. ఐదేళ్లయినా నా కోపం చల్లారలేదు గానీ, అది ఎవరి మీదో చెప్పడం మాత్రం ఏటేటా కష్టమవుతోంది.