షువైఖ్ గ్యారేజీలో అమెరికా ఆవిడ

"పనిమనుషులకు నాటకాలెందుకు?" అని ఒక పెద్దమనిషి అన్న మాట చెవిన పడకపోతే, ఉన్న ఒక్క సెలవునూ నిద్రకే ఇచ్చేసేదాన్ని. నేను కువైట్‌లోని అబూ హలీఫాలో ఉండే నర్సుని, మాది అమలాపురం. అర్దియాలో ఓ కువైటీ ఇంట్లో వంట చేసే రాయచోటి సరోజమ్మ ఒక నాటకం రాసింది. వందేళ్ల క్రితం అమెరికాలో పూటకూళ్ల ఇంట్లో వండుతూ నాటకాలు రాసిన ఓ స్త్రీ కథ అది. మగవాడి పేరు పెడితేనే వేస్తామన్న థియేటర్ యజమాని చేతిలోంచి కాగితాలు లాక్కుని, ఆవిడ తన నాటకాన్ని గుర్రాలశాలలో ఆడించిందట. ఇక్కడా అదే తంతు. ఆ మాటన్న తెలుగు సంఘం పెద్దమనిషే, రచయితగా తన పేరుంటేనే వేదిక ఇస్తానన్నాడు. సరోజమ్మ ఖలాస్, ఇక చాలు అనేసి, షువైఖ్‌లో శుక్రవారం మూసి ఉండే ఓ గ్యారేజీని అడిగి తెచ్చుకుంది. నటులందరికీ ఆ నెలలో సెలవు కలిసొచ్చింది ఆ ఒక్క శుక్రవారమే. అది తప్పితే నాటకం లేనట్టే.

ఒంటిగంటకు బస్సెక్కాను. సిటీకి గంటంబావు, టికెట్టు అర దినారు లోపే. అక్కడి నుంచి షువైఖ్‌కి టాక్సీలో రెండు దినార్లు. డ్రైవరు కడపాయన.

"సెలవు రోజు గ్యారేజీకి ఎందుకక్కా? బండి యాడుంది?"

"బండి కాదన్నా, నాటకం. అర్దియాలో వంట చేసే సరోజమ్మ రాసింది."

"మన ఆడమనిషి రాసిందా! అయితే నేనూ వస్తా, పద," అంటూ గ్యారేజీ చేరగానే బండి పక్కకు పెట్టేశాడు.

ఇళ్లలో పనిచేసేవాళ్లు ఒకచోట కూడి రిహార్సల్ చేయడం కుదిరే పని కాదు. సరోజమ్మ వంటగదిలోంచి డైలాగులు వాయిస్ మెసేజ్‌లుగా పంపేది. మిగతావాళ్లు ఇస్త్రీ చేస్తూ విని కంఠతా పట్టేవాళ్లు.

నాలుగింటికి టైర్ల మధ్య నాటకం మొదలైంది. తప్పులెంచడానికి పెద్దమనిషీ వచ్చాడు. చివరి ఘట్టంలో అమెరికా ఆవిడ వేషం వేసిన పద్మ, థియేటర్ యజమానికి ఎదురు నిలబడి, "రాసింది నేను, పేరు నాదే ఉండాల!" అని ఉరిమింది. అదే ఊపులో, "యల్లా మామా, వస్తాండా!" అనేసింది.

గ్యారేజీ గొల్లుమంది. మెసేజ్ రికార్డు చేస్తుండగా మామా, అంటే ఇంటి యజమానురాలు, పిలిస్తే 'ఇదిగో వస్తున్నా' అని సరోజమ్మ ఇచ్చిన జవాబది. వందసార్లు విన్న పద్మ నోరు దాన్నీ పట్టేసింది. పెద్దమనిషి పగలబడి నవ్వుతున్నాడు. పద్మ కళ్లలో నీళ్లు. నాకు ఒళ్లు మండిపోయింది.

టైర్ల పక్కనున్న సరోజమ్మ ఒక్క అంగలో ముందుకొచ్చింది. "లా మామా, లేదు, రాను! ఈ పొద్దు నా నాటకం ఆడతాండారు. అయ్యేదాకా రాను!"

నవ్వు ఆగిపోయింది. "రాను!" అని పద్మ అందుకుని యజమాని చేతిలోంచి కాగితాలు లాక్కుంది. ముందు వరుసలోని ఆడవాళ్లంతా లేచి నిలబడ్డారు.

ఏడింటికల్లా అందరూ ఎవరి ఇళ్లకు వాళ్లు పరుగెత్తారు. సరోజమ్మ కూడా, రాత్రి వంట ఉందిగా. గోడ మీద అట్టముక్కపై 'రచన: సరోజమ్మ' అన్న అక్షరాలు మాత్రం అలాగే ఉన్నాయి. ఇన్నేళ్లలో డ్యూటీ లేని వేళ పిలిచినప్పుడు ఎన్నిసార్లు 'రాను' అనగలిగేదాన్నో, ఒక్కసారీ అనలేదని తిరుగు బస్సులో సిగ్గేసింది. పై నెలా ఒక శుక్రవారం ఆడుకోమన్నాడు గ్యారేజీ యజమాని. సరోజమ్మ ఆ 'రాను' మాటను నాటకంలోనే ఉంచేసింది. వెళ్లేవాళ్లు మూడున్నరకే చేరండి, కూర్చోడానికి దుప్పటి తెచ్చుకోండి. ఫోన్ ఆపేయండి, ఎవరు పిలిచినా సరే.