వెక్కిళ్ల పాట

బోగోలు యెహోషువ మద్రాసులో సినిమాలకు సంగీతం కడుతున్నాడంటే మా ఊళ్లో సగం మంది నమ్మలేదు. మిగతా సగానికి సంగీతం కట్టడమంటే ఏమిటో తెలియదు. చర్చి హార్మోనియం మీద తిరిగిన చేతులవి. కోడంబాకంలో ఏళ్ల తరబడి ఇంకొకరి పేరు కింద పనిచేసి, 1960లో సొంతంగా ఒక సినిమా సంపాదించాడు.

అతని పద్ధతి ఒకటే. నెమ్మదిగా సాగే కీర్తనకు తబలా దరువు వేసి పరుగెత్తించేవాడు. ఎంత పరుగెత్తించినా పాదానికీ పాదానికీ మధ్య ఊపిరి తీసుకునేంత ఖాళీ వదిలేవాడు. ముసలివాళ్లు పాడే చోట నేర్చుకున్నవాడు మరి, ఆ ఖాళీ లేకుండా కట్టడం అతనికి చేతకాదు.

ఆ సినిమాకు తాగుబోతు పాట కావాలన్నాడు నిర్మాత, అదీ సాయంత్రానికల్లా. ఏమీ తోచక యెహోషువ తన తండ్రిని మట్టి చేసిన రోజు పాడిన కీర్తనను బయటికి తీశాడు. ఊపిరి తీసుకునే చోట హాస్యనటుడు ఎక్కిళ్లు పెట్టాడు. హాళ్లలో ఈలలే ఈలలు.

మా సంఘంలో సినిమాకు పోవడం పాపం. కాబట్టి ఆడవాళ్లు ఆ పాటను టీ అంగడి మైకులో విన్నారంతే. ఆ గరగరలో మాటలు అర్థంకాలేదు గానీ రాగం తెలిసిందే. యెహోషువ తల్లి ఎలిశబెతమ్మ కళ్లు తుడుచుకుంది.

"వాళ్ల నాయన కోసరం వెక్కి వెక్కి ఏడ్చినాడు నా బిడ్డ, పాటలోనే" అని ఇల్లిల్లూ తిరిగి చెప్పింది.

క్రిస్మస్‌కు వచ్చిన కొడుకుతోనూ అదే అంది. అవి తాగుబోతు ఎక్కిళ్లని చెప్పబోయి, ఆమె ముఖం చూసి, దొంగకు తేలు కుట్టినట్టు ఊరుకున్నాడు. సిగ్గుతో చేపల పులుసు సగంలోనే వదిలి లేచాడు. మరునాడే బిట్రగుంటలో రైలెక్కాడు. అంత సిగ్గుపడ్డవాడు మానేశాడా అంటే, అదీ లేదు. అలాంటివే ఇంకా కావాలన్నారు, కట్టిచ్చాడు.

1966లో ఎలిశబెతమ్మ పోయింది. భర్తకు పాడిన కీర్తననే తనకూ పాడాలన్నది ఆమె చివరి కోరిక. ఆ ఒక్కటైనా పాత పద్ధతిలో శుభ్రంగా జరగాలని దారి పొడుగునా ప్రార్థించుకుంటూ వచ్చాడు యెహోషువ.

సమాధుల దొడ్లో ఆడవాళ్లు కీర్తన ఎత్తుకున్నారు. మొదటి పాదం అయింది. ఊపిరి తీసుకునే చోట అందరూ ఒక్కసారిగా వెక్కారు. దొంగతనంగా సినిమా చూసొచ్చిన మగవాళ్లు తలలు దించుకున్నారు. చరణం ముగిశాక, పాట నడిపిస్తున్న జయశీల అతని వైపు తిరిగింది.

"మీ అమ్మే నేర్పించి పోయిందన్నా, నువ్వు పాటలో ఏడ్చినట్టే పాడమని. సరిగ్గా వచ్చిందా?"

చెప్పాల్సిన నిజం ఒక్క మాటే. అది తల్లి గుంత పక్కన నిలబడి చెప్పాలి.

"వచ్చిందమ్మా" అన్నాడు, తలెత్తకుండా.

"అయితే నువ్వూ ఎత్తుకో అన్నా" అంది జయశీల.

మిగిలిన చరణాలు అతనూ వాళ్లతో కలిసి పాడాడు, ఎక్కిళ్లతో సహా.