వంటా వార్పు దగ్గర గోరువంకలు

మా ఆయన ఊరపక్షుల మీద డాక్యుమెంటరీ తీస్తున్నారు. కాకులు, పావురాలు, గోరువంకలు, అంతే. తెలంగాణ బంద్ రోజు రోడ్డు మీద బండ్లుండవు, పిట్టల గొంతు బాగా వినిపిస్తుందని బయలుదేరారు. ఒంటరిగా పంపడానికి భయమేసి నేనూ వెంట నడిచాను. ఆయనది గుంటూరు వైపు, మాది నల్గొండ దగ్గర పల్లె. ఆయన యాస వింటే ఎవరైనా ఏమంటారోనని నా భయం.

దిల్‌సుఖ్‌నగర్‌లో తెల్లవారగానే ఒక షేర్ ఆటో దొరికింది. మామూలుగా ఐదు రూపాయలు, ఆ రోజు పది. "కొత్తపేట్ల దింపుత, ముంగట రాను. అద్దాలు పలుగుతయ్," అన్నాడు డ్రైవర్. అక్కడి నుంచి ఎల్‌బీ నగర్‌కు నడిచాం. షట్టర్లన్నీ మూసి ఉన్నాయి. మా చెప్పుల చప్పుడు మాకే వినిపిస్తోంది.

"తిరిగి పోదాం," అన్నాను.

"పిట్టలకి బందేంటే?" అని నవ్వారాయన.

చౌరస్తా దగ్గర ఉద్యమకారులు నిరసనగా వంటా వార్పు పెట్టారు. నడిరోడ్డు మీద రాళ్ల పొయ్యిలు, పెద్ద గిన్నెల్లో అన్నం. కింద పడ్డ మెతుకుల కోసం గోరువంకలు వాలాయి. పిట్టను దాని కంటి ఎత్తు నుంచే తీయాలంటారు మా ఆయన. నేను ఆపేలోపే రోడ్డు మీద బోర్లా పడుకుని కెమెరా పెట్టేశారు.

నలుగురు చుట్టుముట్టారు. ఒకతను కెమెరా లాక్కున్నాడు. "ఎవల కోసం తీస్తున్నవ్? పోలీసోళ్లకా?"

"అబ్బే, అదేం లేదండీ..."

ఆ మాటతో అందరూ ఒక్కసారి ఆయన వైపు తిరిగారు. అతను కెమెరాను నేలకేసి కొట్టడానికి పైకెత్తాడు. అప్పు చేసి కొన్న కెమెరా అది. దాని తర్వాత దెబ్బలు ఆయనకే.

పరాయి మగవాళ్లతో నేనెన్నడూ మాట్లాడలేదు. "అన్నా, కొట్టకుండ్రి! మాది నల్గొండ దిక్కే. మా ఆయన పిట్టల సినిమా తీస్తడు. జర సూడుండ్రి."

"పిట్టల సినిమానా? హీరోయిన్ ఎవలు, కాకినా?" అన్నాడొకడు. ఎవరూ నవ్వలేదు.

అన్నం కలుపుతున్న పెద్దామె గరిటె పక్కన పెట్టి వచ్చింది. "సూపియ్ బిడ్డా." అతని చేతిలో ఉన్న కెమెరా మీదే ఆయన మీట నొక్కారు. తెరమీద గోరువంకలు, మెతుకులు, మనుషుల పాదాలు. ఒక్క ముఖమూ లేదు.

"ఓయమ్మా, గీ మెట్టెలు నాయే! మొఖం తియ్యకపోతివి, కాళ్లు దీస్తివేందయ్యా!" అందామె. అప్పుడు నవ్వారు. కెమెరా తిరిగి ఇచ్చి, "ఇగ పోండ్రి, పోలీసులొస్తున్నరు," అన్నాడతను.

సందుల్లోంచి గడ్డిఅన్నారం మీదుగా ఇంటికి చేరాం. లోపలికి రాగానే తలుపు గడియ పెట్టాను. అంత నవ్విన మనుషులే అంతకుముందు ఏం చేసి ఉండేవారోనని ఇప్పటికీ రాత్రి మెలకువ వస్తుంది. మీరూ ఇలాంటి రోజున పిట్టలను తీయడానికి వెళ్తే, కెమెరా బయటికి తీసే ముందు అక్కడున్న ఆడవాళ్లను పలకరించండి.

లాక్కున్నప్పుడు కూడా కెమెరా నడుస్తూనే ఉందట. గోరువంకలు ఎగిరిపోయిన చప్పుడు తర్వాత, కొట్టొద్దని బతిమాలుతున్న నా గొంతు వినిపిస్తుంది. చెరిపేయమన్నాను. ఆయన వినలేదు.