మా చెల్లెలి వాకిట్లో కూర్చున్న హెడ్డుగారు

మేం హెడ్డుగారని పిలిచే హెడ్ కానిస్టేబుల్ పోయారని మొన్న మంగళవారం మా చెల్లెలు ఫోన్ చేసి చెప్పింది. తిరుచానూరులో అత్తగారింటి నుంచే చేసింది. ఆమె ఈనాటికీ ఆ ఇంట్లో ఉందంటే, అది సగం ఆయన చలవే. నాకు రాయడం పెద్దగా రాదు. మా ఊరి బడిలో ఐదు దాకా చదివాను. అయినా ఈ నాలుగు మాటలు రాయకపోతే మనసు ఊరుకోవడం లేదు.

ఎనభైల మొదట్లో సంగతి. చెల్లెలి భర్త పనికని బొంబాయి వెళ్ళాడు. కొన్నాళ్ళకు ఉత్తరాలు ఆగిపోయాయి. కొడుకు దూరమైంది కోడలి వల్లేనని అత్త మనసులో పడింది. ఒకరోజు చెల్లెలు గుడికి వెళ్ళి వచ్చేసరికి ఆమె పెట్టె వీధిలో ఉంది. తలుపుకు లోపల గడియ పడింది.

తిరుపతి కోర్టుకు పోయాం. ఆమె ఆ ఇంట్లో ఉండవచ్చు, ఎవరూ అడ్డుపడరాదని ఉత్తర్వు వచ్చింది. అది చూపించినా తలుపు తీయలేదు. స్టేషనుకు పోయాను గానీ లోపలికి అడుగు పడలేదు. రెండు రోజులు ఎదురుగా టీ అంగడి దగ్గరే నిలబడ్డాను. టీ తాగడానికి వచ్చిన హెడ్ కానిస్టేబుల్ నన్ను చూశారు.

"ఏమప్పా, నిన్ననించి ఈడనే ఉండావు. ఏమన్నా పోగొట్టుకున్నావా, కొట్టేసినావా?"

నేను కోర్టు కాగితం చేతికిచ్చాను. ఆయన నిదానంగా చదివారు.

"దీంట్లో వాళ్ళకు చెప్పినారు గానీ మాకు చెప్పలేదప్పా. పోలీసు కాపలా ఇయ్యమని ఇంకో అర్జీ పెట్టమను మీ వకీలును. మా స్టేషన్ పేరు రాయించుకోని రా. నేనే వస్తా."

అలాగే చేశాం. నెల తిరిగేసరికి వారం రోజుల కాపలాకు ఉత్తర్వు వచ్చింది. ఆయన అన్నట్టే వచ్చారు.

వాకిట్లో చెల్లెలి బావగారు, ఆమె భర్తకు అన్న, అడ్డంగా నిలబడ్డాడు. "మా ఇంటి గొడవలో పోలీసులకేం పని?"

"ఈ బిడ్డ ఈడ ఉండొచ్చంట. మీరు అడ్డం పడితే నేను గూడా ఈడనే ఉండాలంట. ఇద్దర్ని పెట్టుకుంటావా, ఒకర్ని పెట్టుకుంటావా, నువ్వే సూసుకో."

అతను పక్కకు జరిగాడు. చెల్లెలు లోపలికి పోయింది. హెడ్డుగారు గడప దాటలేదు. ఎవరింటికి వెళ్ళినా బూట్లు విప్పి, పిలిస్తేనే లోపలికి పోయే మనిషి ఆయన. టోపీ తీసి పక్కన పెట్టి అరుగు మీద కూర్చున్నారు.

వాళ్ళది పూలు కట్టే ఇల్లు. సాయంత్రానికి అమ్మవారి గుడికి మాలలు పోవాలి. అత్త అరుగు మీదే గంపలు పెట్టుకుని కడుతుంది. ఆ పూలను మాత్రం చెల్లెలిని ముట్టుకోనివ్వలేదు. రెండో రోజు హెడ్డుగారు నార తీసుకుని తానూ కట్టడం మొదలుపెట్టారు. వాళ్ళమ్మ పూలమ్మేదట.

"పోలీసు కట్టిన మాల అమ్మవారికి పనికొస్తాదా?" అంది అత్త.

"లాఠీతో కట్టలేదులే పెద్దమ్మా."

ఆమె నవ్వు ఆపుకోవడం నేను చూశాను.

చెల్లెలికి మాత్రం నిద్ర లేదు. "వారం అయిపోతే మళ్ళా గడియ పెట్టేస్తారేమో అన్నా" అనేది. ఆ మాట హెడ్డుగారికి చెప్పాను. "కోర్టు తలుపు తీపిస్తాది. కలిసి ఉండేది మనుషులు నేర్చుకోవాల. పోనీ, వారం సూద్దాం" అన్నారు.

ఏడో రోజు మధ్యాహ్నమే బందోబస్తుకు రమ్మని కబురొచ్చింది. చేతిలో మాల సగమే అయింది. దాన్ని అరటాకులో పెట్టి, టోపీ పెట్టుకుని, "పోయొస్తా పెద్దమ్మా" అని వెళ్ళిపోయారు.

వీధి మలుపులో ఆయన సైకిలు కనుమరుగు కాగానే చెల్లెలి బావగారు లేచాడు. "ఇంక పోలీసు లేడు గదమ్మా" అన్నాడు తల్లితో. చెల్లెలు గడప దగ్గర నిలబడి ఉంది.

అత్త కొడుకు వైపు చూడలేదు. సగం మాల వైపు చూసింది. పొద్దు చూసుకుంది.

"ఏమ్మే, ఊరికే నిలబడుకోని ఉండావే? చేతులు కడుక్కోని రా. ఈ కొస పట్టుకో."

చెల్లెలు పరుగెత్తినట్టే పోయి చేతులు కడుక్కుని వచ్చింది. హెడ్డుగారు కూర్చున్న చోటే కూర్చుని, ఆయన ఆపిన ముడి దగ్గర మొదలుపెట్టింది. అత్త మధ్యలో ఒకసారి చూసి, "ఇంకొంచెం బిగించు" అంది. పొద్దు వాలేవేళకు ఆ మాలను మూరలేసి కొలిచి, తడిగుడ్డ కప్పి, పెద్దకొడుకు చేతికిచ్చింది. అతను సైకిలు తీశాడు. గుడి వీధిలో ఆ తడిగుడ్డ కింద నుంచి నీళ్ళు చుక్కలు చుక్కలుగా రాలుతూ పోయాయి.